రంగం పెట్టెలో రిజర్వ్ బ్యాంకు నోటు దొరికింది, ఇప్పుడు చెల్లుద్దా?

నాగావళి_నాని
మాది కళింగపట్నం దగ్గర పల్లె. మా తాత వాళ్ళ నాన్న రంగం వెళ్ళొచ్చిన మనిషి. తెలీని కుర్రాళ్ళ కోసం చెప్తున్నా, రంగం అంటే రంగూన్. మొన్న పండక్కి ఇంటికి సున్నాలేయిస్తూ అటక మీది ట్రంకుపెట్టె దింపాం. పైన ఇత్తడి చెంబు, గొడుగు కర్ర, ఎవరిదో తెలీని కళ్ళజోడు. అడుగున గళ్ళ లుంగీ ముక్కలో మడిచిపెట్టి మూడు నోట్లు.

ఒకటి పది రూపాయలది. పైన ఇంగ్లీషులో రిజర్వ్ బ్యాంక్ ఆఫ్ ఇండియా అనుంది, జార్జి రాజు బొమ్మ, కింద టేలర్ అని సంతకం. కానీ దాని మీద జిలేబీ చుట్టల్లాంటి అక్షరాలున్నాయి, బర్మా లిపి అంటున్నారు. ఒక మూల చెద తినేసింది. మిగతా రెండూ పది రూపాయలవే గానీ వాటి మీద జపనీస్ గవర్నమెంట్ అని ఉంది. గుడి బొమ్మ ఉంది, బి అనే అక్షరం ఉంది, నంబరు మాత్రం ఎక్కడా లేదు.

బ్యాంకులో చేసే మా బావకి చూపిస్తే దండ వేసి గోడకి తగిలించమన్నాడు. నా గొడవ ఏంటంటే, మన రిజర్వ్ బ్యాంకు పేరుంది కదా, చెల్లిస్తానని మాటిచ్చింది కదా, మరి ఇవ్వాలా వద్దా? అసలు బర్మాకి మన బ్యాంకు నోట్లు వేయడమేంటి?

రాజాం_రాజు
ఇస్తార్లే. పదికి పది. బస్సు చార్జీ నీదే.

గంటస్తంభం
ఫోటో పెట్టు ముందు. యూట్యూబ్‌లో పాత నోటుకి పాతిక లక్షలని చెప్పేవాళ్ళ మాట విని ఎవడికీ అడ్వాన్సు పంపకు. మా వీధిలో ఒకాయన ఐదు రూపాయల నోటు అమ్ముదామని పన్నెండు వేలు 'రిజిస్ట్రేషన్ ఫీజు' కట్టి కూర్చున్నాడు.

రిటైర్డ్_క్యాషియర్
నానీ, ఆ నోటు దొంగది కాకపోవచ్చు, కానీ ఇక్కడ చెల్లదు. ఎందుకో చెప్తాను, కొంచెం పొడుగవుతుంది.

రిజర్వ్ బ్యాంకు పుట్టింది 1935 ఏప్రిల్ 1న. అప్పటికి బర్మా మన దేశంలో ఒక రాష్ట్రంలాంటిదే. 1937 ఏప్రిల్ 1న దాన్ని విడదీశారు. పరిపాలన విడిపోయింది గానీ డబ్బు విడిపోలేదు. బర్మాకి సొంత కేంద్ర బ్యాంకు లేదు కాబట్టి మన రిజర్వ్ బ్యాంకే అక్కడి నోట్లూ చూసింది. రంగూన్‌లో దానికి ఆఫీసు ఉండేది. మొదట మన నోట్ల మీదే 'బర్మాలో మాత్రమే చెల్లును' అని ఇంగ్లీషులో అదనంగా అచ్చుకొట్టి వదిలారు. తర్వాత 1938లో బర్మా కోసం విడిగా నోట్లు వేశారు. నీ దగ్గరున్నది ఆ రకందే అయ్యుంటుంది. జేమ్స్ టేలర్ 1937 నుంచి 1943 దాకా గవర్నరు, సంతకం సరిపోయింది.

అంటే ఆ మాట బర్మా గడప లోపల ఇచ్చిన మాట. 1947 ఏప్రిల్‌తో అక్కడ మన బ్యాంకు పని అయిపోయింది. పాకిస్తాన్‌కి కూడా ఇలాగే 1948 జూన్ 30 దాకా మనమే చూశాం. ఒక దేశం పుట్టాక కూడా పది నెలలు దాని గల్లాపెట్టె తాళం పొరుగు దేశం దగ్గరుందన్నమాట.

ఉద్దానం_కుర్రోడు
బాబాయ్, ఇదేటి కొత్త సంగతి! మా కవిటి కాడ ఇంటింటికీ ఒక రంగం కథ ఉంటాది గానీ ఈ ముక్క ఎవుడూ సెప్పలేదు.

రిటైర్డ్_క్యాషియర్
ఇంకోటి విను. రిజర్వ్ బ్యాంకు మొదట్లో వాటాదారుల బ్యాంకు. మూలధనం 5 కోట్లు, వాటా 100 రూపాయలు. వాటాదారుల రిజిస్టర్లు ఐదు చోట్ల పెట్టారు. బొంబాయి, కలకత్తా, ఢిల్లీ, మద్రాసు, ఐదోది రంగూన్. మనవాళ్ళు అక్కడ ధాన్యం బస్తాలు మోస్తుంటే, వడ్డీ వ్యాపారం చేసే తమిళ చెట్టియార్లు వాటాలు కొనుక్కుని ఉంటారు.

గంటస్తంభం
చూశారా, నేనెప్పటి నుంచో చెప్తున్నా. రిజర్వ్ బ్యాంకు ప్రైవేటుదే. పైకి ప్రభుత్వం అంటారు, లోపల ఏవో నాలుగు విదేశీ కుటుంబాలు. దీని మీద వీడియో కూడా ఉంది.

బొబ్బిలి_వీణ
గంటస్తంభం గారూ, పైన ఒకర్ని యూట్యూబ్ నమ్మొద్దని మీరే అన్నారు.

గంటస్తంభం
అది వేరే ఛానల్ అండి.

రిటైర్డ్_క్యాషియర్
😀 ప్రైవేటుది, 1948 డిసెంబరు 31 దాకా. 1949 జనవరి 1న జాతీయం చేశారు. వందరూపాయల వాటాకి 118 రూపాయల 10 అణాలు లెక్కగట్టి వాటాలన్నీ కేంద్ర ప్రభుత్వం తీసేసుకుంది. ఆ రోజు నుంచి ఒక్క వాటా కూడా బయటివాళ్ళ దగ్గర లేదు. ప్రైవేటుగా ఉన్న రోజుల్లోనూ గవర్నర్ని పెట్టేది ప్రభుత్వమే.

మొదటి గవర్నరు ఆస్‌బర్న్ స్మిత్ కథ చూడు. ఇంపీరియల్ బ్యాంకు నుంచి తెచ్చారాయన్ని. వడ్డీ రేటు మీదా, రూపాయి మారకం రేటు మీదా ఢిల్లీలో ఆర్థిక వ్యవహారాలు చూసే గ్రిగ్ దొరతో పడలేదు. రెండేళ్ళకే 1937లో వెళ్ళిపోయాడు. ఆయన సంతకంతో ఒక్క నోటు కూడా రాలేదు. రిజర్వ్ బ్యాంకు పేరుతో మొదటి నోటు, ఐదు రూపాయలది, 1938 జనవరిలో వచ్చింది.

రాజాం_రాజు
పెళ్ళి చేసుకుని శోభనం కాకముందే అల్లుడు ఎల్లిపోనట్టు.

చీపురుపల్లి_కోడలు
రాజు తమ్ముడూ, ఆడవాళ్ళూ చదువుతారిక్కడ.

రాజాం_రాజు
తప్పయిపోనాది అప్పా.

బొబ్బిలి_వీణ
ఇంత మాట్లాడుకుంటున్నారు, అంబేద్కర్ పేరు ఎవరూ ఎత్తలేదేం? రిజర్వ్ బ్యాంకు పుట్టుకకి మూలం ఆయన రూపాయి సమస్య మీద 1923లో రాసిన పుస్తకమే. మా కాలేజీలో ప్రతి ఏప్రిల్ 14కీ చెప్తారు.

పలాస_జీడి
కొంత నిజం, కొంత సాగదీత. ఆ పుస్తకం రాశారు. 1925లో రూపాయి సంగతి తేల్చడానికి వేసిన హిల్టన్ యంగ్ కమిషన్ ముందు సాక్ష్యం కూడా చెప్పారు. అందులో అనుమానం లేదు. కానీ ఆయన వాదనంతా రూపాయి విలువ నిలకడగా ఉండాలి, అధికారుల చేతిలో ఆటబొమ్మ కాకూడదు అన్నదాని మీద. కేంద్ర బ్యాంకు ఉండాలన్న మాట అంతకుముందే ఉంది. 1913-14లో ఛాంబర్లిన్ కమిషన్‌కి కీన్స్ అనే ఇంగ్లండు ఆర్థికవేత్త ఒక స్టేట్ బ్యాంకు నమూనా రాసిచ్చాడు. హిల్టన్ యంగ్ కమిషన్ 1926లో సిఫార్సు చేసింది, 1927లో బిల్లు పెట్టారు, వాటాదారులదా ప్రభుత్వానిదా అనే తగువులో అది మూలపడింది. చట్టం అయ్యేసరికి 1934.

బొబ్బిలి_వీణ
కీన్స్ చెప్తే నమూనా, మనవాడు చెప్తే సాగదీత. బాగుందండీ లెక్క.

పలాస_జీడి
అలా అనలేదమ్మా. ఆయన సాక్ష్యం చదివితే ఎవరికైనా కళ్ళు తిరుగుతాయి, అంత సూటిగా ఉంటుంది. 'ఒక్కరే పుట్టించారు' అనడం దగ్గరే నా పేచీ. ఇరవై ఏళ్ళు పట్టింది పుట్టడానికి, దానికి మంత్రసానులు చాలామంది.

బొబ్బిలి_వీణ
సరే, మంత్రసానుల్లో ఆయన్ని ముందు నిలబెట్టండి. అంతే నేనడిగేది.

నాగావళి_నాని
నా రెండు జపాన్ నోట్ల సంగతి ఎవరూ చెప్పరేంటి

చీపురుపల్లి_కోడలు
నేను చెప్తాను నానీ, మా పుట్టింటి వాళ్ళది అదే కథ. 1942లో జపాన్ వాళ్ళు బర్మా పట్టుకున్నారు. మన రూపాయి తీసేసి, వాళ్ళే రూపాయల్లో నోట్లు గుద్దారు. బి అంటే బర్మా. నంబర్లు వేయకుండా ఎన్ని కావాలంటే అన్ని గుద్దేశారు. యుద్ధం అయిపోయేసరికి అవి ఉత్త కాగితాలు.

మా అమ్మమ్మ వాళ్ళ పెదనాన్న అందరితో పాటు నడిచి రాలేదు, అక్కడే ఆగిపోయాడు. 1942లో లక్షలమంది మనవాళ్ళు అడవుల మీదుగా నడిచొచ్చారు, వేలమంది దారిలోనే పోయారు, అది అందరికీ తెలుసు. ఉండిపోయినవాళ్ళ గురించి ఎవరూ మాట్లాడరు. ఈయన బియ్యం మిల్లులో మూడేళ్ళు పనిచేస్తే జీతం మొత్తం ఈ బి నోట్లలోనే ఇచ్చారు. 1946లో ఊరికి వచ్చాడు, నడుముకి గుడ్డసంచి కట్టుకుని. సంచి నిండా నోట్లు. విజయనగరంలో షావుకారు దగ్గర గుమ్మరిస్తే, ఆయన ఒకటి తీసి వెలుతురులో చూసి, మళ్ళీ సంచిలో పెట్టి మూతి ముడేసి ఇచ్చాడంట. ఏమీ అనలేదంట. మా అమ్మమ్మ చిన్నప్పుడు వాటితో కొట్టు పెట్టి ఆట ఆడుకునేవాళ్ళు. ఆయన ఎదురుగా మాత్రం ఆడేవాళ్ళు కాదు.

ఉద్దానం_కుర్రోడు
ఓలమ్మ.

నాగావళి_నాని
అప్పా, మరి మా ముత్తాత 42లోనే వచ్చేశాడు అంటారు. ఈ బి నోట్లు ఎలా వచ్చాయి?

చీపురుపల్లి_కోడలు
ఎవరో వెనక వచ్చినవాళ్ళు అప్పు తీర్చుంటారు, లేదా మారుతాయేమో చూడమని ఇచ్చుంటారు. మీ మామ్మ ఉందన్నావుగా, అడుగు.

పలాస_జీడి
జపాన్ వాడు గుద్దాడు సరే. మనవాళ్ళు తక్కువ గుద్దారా? ఈ సంగతి మీద నాకు చాలా కోపం ఉంది, కాస్త ఓపిక పట్టండి.

యుద్ధంలో బ్రిటన్‌కి మన దగ్గర్నుంచి గోనెసంచులు, బట్ట, ధాన్యం, ఉక్కు, సైనికులు అన్నీ కావాలి. డబ్బు లేదు. ఏం చేశారంటే, లండన్‌లో రిజర్వ్ బ్యాంకు ఖాతాలో పౌన్లు జమ అని రాసుకునేవారు. ఆ పౌన్లు ఇప్పుడు తీసుకోవడానికి లేదు, యుద్ధం అయ్యాక చూద్దాం. కానీ చట్టం ప్రకారం పౌన్ల పత్రాలుంటే వాటిని హామీగా చూపి ఇక్కడ రూపాయలు అచ్చెయ్యొచ్చు. నోట్లకి నూటికి నలభై వంతులు బంగారమో పౌన్ల పత్రాలో వెనక ఉండాలి, అదే అప్పటి నియమం. పౌన్ల కాగితాలు కుప్పలుగా వస్తున్నాయి కాబట్టి నియమం ఎక్కడా తప్పలేదు, నోట్లు మాత్రం ఆరేళ్ళలో ఆరు రెట్లయ్యాయి. సరుకు పెరగలేదు. పైగా బర్మా బియ్యం ఆగిపోయింది. 1943లో బెంగాల్లో లక్షలమంది ఆకలితో పోయారు. మా ఊళ్ళో ముసలోళ్ళు గంజిలో తాటి టెంకలు తిన్నాం అనేవారు.

యుద్ధం అయ్యేసరికి బ్రిటన్ మనకి సుమారు 130 కోట్ల పౌన్లు బాకీ. పుస్తకాల్లో దీన్ని గొప్పగా రాస్తారు, అప్పుల దేశం అప్పిచ్చే దేశమైందని. అప్పిచ్చింది ఎవరు? గంజి తాగినవాడు.

రిటైర్డ్_క్యాషియర్
జీడి బాబూ, కోపం న్యాయమే. కానీ అది రిజర్వ్ బ్యాంకు చేతిలో ఉన్న పని కాదు. బ్యాంకు ఎవరిది అప్పుడు? నిర్ణయం లండన్‌ది.

పలాస_జీడి
గుమస్తా కూడా సంతకం పెట్టనని అనొచ్చు బాబాయ్. స్మిత్ దొర వడ్డీ రేటు కోసం ఉద్యోగం వదిలాడన్నారు మీరే. కరువు కోసం ఎవరూ వదల్లేదే?

రిటైర్డ్_క్యాషియర్
1943 ఆగస్టులో సి.డి. దేశ్‌ముఖ్ వచ్చాడు, మొదటి భారతీయ గవర్నరు. 1944లో దేశాల డబ్బు వ్యవహారాల మీద అమెరికాలో జరిగిన బ్రెట్టన్ వుడ్స్ సమావేశానికి వెళ్ళినప్పుడు ఈ పౌన్ల బాకీ సంగతి అక్కడ ఎత్తారు మనవాళ్ళు. ఫలితం రాలేదనుకో. ఎత్తలేదని మాత్రం అనకు.

పలాస_జీడి
ఎత్తారు. ఒప్పుకుంటున్నా. గంజి తాగినవాడికి అందలేదు.

రాజాం_రాజు
మధ్యలో నా డౌటు. రిజర్వ్ బ్యాంకు గుర్తులో పులి ఎనకాల ఉన్నది తాటిచెట్టేనా? అయితే మన జిల్లాదే.

రిటైర్డ్_క్యాషియర్
ఈస్టిండియా కంపెనీ వాళ్ళ డబుల్ మొహరు నాణెం మీద సింహం, చెట్టు ఉండేవి. దాన్ని చూసే గీయించారు. సింహం బ్రిటిష్ వాళ్ళ గుర్తు కదా అని పులిని పెట్టారు. చెట్టుని మార్చలేదు. తాటిచెట్టని నువ్వనుకుంటే ఎవరూ కేసెయ్యరు.

రాజాం_రాజు
కల్లుగీత సంఘం వాళ్ళకి సెప్తాను.

గంటస్తంభం
మన జిల్లా అంటే గుర్తొచ్చింది. దువ్వూరి సుబ్బారావు గారు కలెక్టరు ఉద్యోగం మొదట్లో పార్వతీపురంలో సబ్‌కలెక్టరు. అప్పుడు పార్వతీపురం శ్రీకాకుళం జిల్లాలోనే ఉండేది, విజయనగరం జిల్లా 1979లో కదా వచ్చింది. ఆయనే 2008 సెప్టెంబరు 5న రిజర్వ్ బ్యాంకు గవర్నరయ్యారు. సరిగ్గా పది రోజులకి అమెరికాలో లేమన్ బ్రదర్స్ అనే పెద్ద బ్యాంకు కూలింది.

ఉద్దానం_కుర్రోడు
పార్వతీపురంలో పనిసేసినోడికి లేమన్ ఒక లెక్కేటి.

బొబ్బిలి_వీణ
ఆయన ముందు వై.వి. రెడ్డి గారు, 2003 నుంచి 2008. వరసగా పదేళ్ళు తెలుగువాళ్ళే. వీళ్ళిద్దరి కంటే ముందు ఎం. నరసింహం గారు కూడా తెలుగాయనే. 1977లో ఏడు నెలలు. రిజర్వ్ బ్యాంకులోనే ఉద్యోగిగా చేరి గవర్నరైన మనిషి ఆయన.

రాజాం_రాజు
రంగరాజన్ గారిని మరిసిపోనారు. ఆంధ్రా గవర్నరు కదా.

బొబ్బిలి_వీణ
ఆయన రిజర్వ్ బ్యాంకుకి గవర్నరుగా చేసింది 1992-97. మన రాష్ట్రానికి గవర్నరుగా వచ్చింది ఆ తర్వాత. రెండు గవర్నర్లూ ఒకటి కాదు రాజూ. ఒకరి సంతకం నోటు మీద ఉంటుంది, ఒకరిది గెజిట్ మీద.

రిటైర్డ్_క్యాషియర్
సంతకం అంటే ఇంకో సరదా. రూపాయి నోటు రిజర్వ్ బ్యాంకుది కాదు, భారత ప్రభుత్వానిది. అందుకే దాని మీద గవర్నరు ఉండడు, ఆర్థిక శాఖ కార్యదర్శి సంతకం ఉంటుంది. చెల్లిస్తానన్న మాట కూడా ఉండదు. మన్మోహన్ సింగ్ ఆర్థిక కార్యదర్శిగా రూపాయి నోట్ల మీదా, 1982-85లో గవర్నరుగా పెద్ద నోట్ల మీదా సంతకం పెట్టారు. నా దగ్గర రెండూ ఉన్నాయి, ఒకే ప్లాస్టిక్ కవర్లో.

నాని అడిగిన అసలు ప్రశ్న, 'చెల్లిస్తాను' అంటే ఏం చెల్లిస్తారని. ఒకప్పుడు నోటు పట్టుకెళ్తే వెండి రూపాయలు చేతిలో పెట్టేవారు. యుద్ధంలో జనం వెండి దాచేసరికి 1940లో రూపాయి బిళ్ళలో వెండి సగానికి దింపారు, 1947కి నికెల్ చేసేశారు. 1956లో నూటికి నలభై నియమం కూడా పోయింది. ఇప్పుడు మొత్తం 200 కోట్ల నిల్వ, అందులో 115 కోట్ల బంగారం ఉంటే చాలు, ఎన్ని నోట్లైనా వెయ్యొచ్చు. ఈ రోజు వంద నోటు పట్టుకెళ్తే రెండు యాభైలిస్తారు. అదే ఆ మాట.

గంటస్తంభం
అదీ ఎప్పుడు రద్దవుతుందో తెలీదు. నోట్ల రద్దు మాట ఎత్తకుండా ఇంత దూరం వచ్చారంటే మెచ్చుకోవాలి.

రిటైర్డ్_క్యాషియర్
మూడుసార్లు. 1946 జనవరిలో ఐదొందలు, వెయ్యి, పదివేలు. 1978 జనవరి 16న వెయ్యి, ఐదువేలు, పదివేలు. 2016 నవంబరు 8న ఐదొందలు, వెయ్యి. మొదటి రెండూ మన పల్లెల్లో ఎవరికీ తగల్లేదు. 1978లో నేను కౌంటర్లో కొత్త గుమస్తాని. మా బ్రాంచికి వెయ్యి నోట్లు తెచ్చినవాళ్ళు ముగ్గురు. ముగ్గురూ చీకటి పడ్డాక మేనేజరు గారింటికి వచ్చారు.

2016లో తగిలింది. చెలామణిలో ఉన్న డబ్బు విలువలో నూటికి ఎనభై ఆరు వంతులు ఒక్క రాత్రిలో ఆగిపోయింది.

చీపురుపల్లి_కోడలు
మా మరిది పెళ్ళి నవంబరు 20. మేళం వాళ్ళకి, వంటవాళ్ళకి, పందిరి వాళ్ళకి అందరికీ చెక్కులు. సన్నాయి ఆయనకి ఖాతా లేదు. డబ్బులు వచ్చాక ఇద్దురు గాని అని ఊది వెళ్ళాడు. ఫిబ్రవరిలో మా మావగారు సైకిలు మీద వెళ్ళి ఇచ్చొచ్చారు.

ఉద్దానం_కుర్రోడు
మా నాన్న నాలుగు వేలు మార్సడానికి లైన్లో నిలబడితే ఏలికి ఇంకు పూసీసినారు. ఓటు ఎవుడికి ఏసినావని ఊరంతా ఎటకారం.

పలాస_జీడి
మాకు జీడిపిక్కలు కాల్చే ఆడోళ్ళకి శనివారం కూలి. మూడు శనివారాలు బియ్యం, నూనె తూచి ఇచ్చాం. వాళ్ళు అడిగింది ఒకటే, 'బాబూ ఈసారైనా నోటేనా?'

గంటస్తంభం
మరి రెండువేల నోటు? నా దగ్గర ఒకటి ఇప్పటికీ ఉంది. ఎల్‌ఐసీ పాలసీ కాయితాల్లో దొరికింది.

రిటైర్డ్_క్యాషియర్
వెనక్కి తీసుకుంటామని 2023 మే 19న ప్రకటించారు. బ్యాంకుల్లో 2023 అక్టోబరు 7తో అయిపోయింది. తర్వాత రిజర్వ్ బ్యాంకు ఇష్యూ ఆఫీసుల్లోనే, పంతొమ్మిది చోట్ల. లేదా పోస్టులో పంపి ఖాతాలో వేయించుకోవడం. మనకి హైదరాబాద్.

ఉద్దానం_కుర్రోడు
మాకు భువనేశ్వర్ దగ్గర బాబాయ్. ఇచ్ఛాపురం దాటితే ఒరిస్సాయే. ఆ పంతొమ్మిదిలో భువనేశ్వర్ ఉన్నాదా?

రిటైర్డ్_క్యాషియర్
ఉంది.

రాజాం_రాజు
రాష్ట్రం ఒకటి, కరెంటు ఒకటి, డబ్బులు మార్సడానికి ఇంకో రాష్ట్రం. ఉద్దానపోడి బతుకు.

బొబ్బిలి_వీణ
రిజర్వ్ బ్యాంకు మనకి చేసిన మంచి కూడా చెప్పండి ఎవరైనా. మా పిన్ని డబ్బులు ఒక పట్టణ సహకార బ్యాంకులో ఇరుక్కున్నాయి, పేరొద్దు. ఖాతా పుస్తకం పట్టుకుని మూడు నెలలు తిరిగింది. చివరికి బీమా కింద వచ్చాయి.

రిటైర్డ్_క్యాషియర్
ఆ బీమా వెనక కూడా ఒక కథుంది. 1960లో కేరళలో పలై సెంట్రల్ బ్యాంకు మూతపడింది. రిజర్వ్ బ్యాంకే మూయించింది. డిపాజిటర్లు రోడ్డున పడ్డారు. ఆ దెబ్బకి 1962 జనవరి 1న డిపాజిట్ బీమా సంస్థ పెట్టారు. అప్పుడు ఒక బ్యాంకులో ఒక్కో డిపాజిటరుకి 1,500 రూపాయలు. 1993కి లక్ష. 2020 ఫిబ్రవరి 4 నుంచి 5 లక్షలు. మీ పిన్నికి ఎంతుంది?

బొబ్బిలి_వీణ
మూడు లక్షల చిల్లర. అంతకు ముందు ఏడాది అయ్యుంటే లక్షే వచ్చేది.

పలాస_జీడి
మంచి అంటే నేనూ ఒకటి ఒప్పుకోవాలి. పల్లెలో అప్పు ఎవరిస్తున్నారో దేశమంతా తిరిగి లెక్క తీయించింది రిజర్వ్ బ్యాంకే. 1951-52లో సర్వే, 1954లో నివేదిక. సహకార సంఘాల వాటా నూటికి మూడు. మిగతాదాంట్లో ఎక్కువ భాగం షావుకార్లదే. ఆ నివేదిక వల్లే 1955లో ఇంపీరియల్ బ్యాంకు స్టేట్ బ్యాంకైంది, పల్లెలకి బ్రాంచీలు వచ్చాయి. 1982లో వచ్చిన, పల్లె అప్పుల సంగతి చూసే నాబార్డు కూడా రిజర్వ్ బ్యాంకు కడుపులోంచి వచ్చిందే. మా నాన్నకి మొదటిసారి బ్యాంకు అప్పు ఇచ్చినప్పుడు షావుకారు మా ఇంటికొచ్చి 'నా మీద కోపమా?' అని అడిగాడంట.

గంటస్తంభం
వడ్డీకి ఇచ్చేవాడికి అంత బాధ ఉంటుందా?

పలాస_జీడి
వడ్డీ పోతోంది కదా.

ఉద్దానం_కుర్రోడు
బంగారం తాకట్టు ఎట్టీసినారంట కదా ఒకపాలి, నిజవేనా?

రిటైర్డ్_క్యాషియర్
నిజమే, 1991. విదేశీ డబ్బు రెండు మూడు వారాల దిగుమతులకి మించి లేదు. జూలైలో 47 టన్నుల దాకా బంగారం విమానాల్లో బ్యాంక్ ఆఫ్ ఇంగ్లండ్ దగ్గరికి పంపి, దాని మీద అక్కడా, బ్యాంక్ ఆఫ్ జపాన్ దగ్గరా అప్పు తెచ్చారు. 2009లో మన పార్వతీపురం సబ్‌కలెక్టరు గారి హయాంలో ఐఎంఎఫ్, అదే అంతర్జాతీయ ద్రవ్య నిధి నుంచి 200 టన్నులు కొన్నారు. ఇంట్లో గాజులు తాకట్టు పెట్టినవాడికి తెలుస్తుంది, విడిపించుకున్నాక మళ్ళీ కొనడం ఎలా ఉంటుందో.

నాగావళి_నాని
బాబాయ్, చెద తిన్న నోటు సంగతి. బర్మాది కాబట్టి చెల్లదు, అర్థమైంది. మామూలు నోటు అయితే ఎంత ఇచ్చేవారు? కుతూహలం.

రిటైర్డ్_క్యాషియర్
ఇరవై దాకా నోట్లకి సగం కంటే ఎక్కువ ముక్క మిగిలితే పూర్తి విలువ, లేకపోతే సున్నా. యాభై, ఆపైన నోట్లకి నూటికి ఎనభై వంతుల కంటే ఎక్కువ ఉంటే పూర్తిగా, నలభై నుంచి ఎనభై దాకా సగం. స్కేలు పెట్టి కొలిచేవాళ్ళం. మా ఊరి గంటస్తంభం దగ్గర చిరిగిన నోట్లు మార్చే ముసలాయన ఒకడుండేవాడు, స్కేలు లేకుండా కంటితో చెప్పేవాడు. ఆయన కాదన్నది మా బ్రాంచిలో ఎప్పుడూ మారలేదు.

నా చూపుడువేలు ఇప్పటికీ గరుకే. నూరు నోట్లు ఒక కట్ట, పది కట్టలు ఒక బండిల్. కట్టకి స్టేపుల్ పిన్నులు కొట్టేవాళ్ళం, అవి పీకేటప్పుడు గోటి కింద గుచ్చుకునేవి. నీళ్ళ స్పాంజి డబ్బా సాయంత్రానికి ఎర్రగా అయ్యేది, కుంకుమ అనుకునేవారు కస్టమర్లు. 2001లో పిన్నులు మానెయ్యమని రిజర్వ్ బ్యాంకు నుంచి సర్క్యులరు వచ్చింది. నా ఉద్యోగంలో వాళ్ళు చేసిన పనుల్లో నాకు బాగా నచ్చింది అదొక్కటే. నీ నోటుకి ఏదైనా పిన్ను గుర్తు ఉందా?

నాగావళి_నాని
రెండు చిల్లులున్నాయి ఎడమ పక్క! నేను చెద అనుకున్నా.

రిటైర్డ్_క్యాషియర్
అయితే అది బ్యాంకు కట్టలోంచి వచ్చిన నోటు. జీతం ఇచ్చినప్పుడు నలక్కుండా దాచుకున్నాడు మీ ముత్తాత.

రాజాం_రాజు
నానీ అమ్ముతావేటి? మా బావమరిది పాత నోట్లు పోగేత్తాడు. మంచి రేటు ఇప్పిత్తాను.

నాగావళి_నాని
నిన్న మామ్మని అడిగా. తొంభై దగ్గర పడింది, చెవి సరిగా వినపడదు. టేలర్ నోటు రంగంలో ఆఖరి నెల జీతంలోదంట, ఇక్కడ దిగాక ఎవరూ తీసుకోలేదంట. జపాన్ నోట్లు అప్ప చెప్పినట్టే. రంగంలో ముత్తాత దగ్గర అప్పు తీసుకున్నవాడు యుద్ధం తర్వాత నడిచొచ్చి తీర్చాడంట. చెల్లవని వాడికీ తెలుసు, ఈయనకీ తెలుసు. అయినా తీసుకుని, బాకీ చెల్లు అని కాయితం రాసిచ్చాడంట.

నోట్లు అమ్మమంటావా అంటే నీ ఇష్టం అంది. లుంగీ ముక్క మాత్రం తెమ్మంది. అది మా అత్త కొంగున కట్టుకున్నది, ఉతికి ఇవ్వు అంది.

అమ్మను రాజూ. ఫ్రేము కట్టిస్తా. బాబాయ్, ముందు చిరుగు అతికించాలా?

రిటైర్డ్_క్యాషియర్
సెల్లో టేపు మాత్రం వెయ్యకు.